బుట్టలో పడేసిన రెండు ఫ్రేములు

ఫిబ్రవరి ఏడు, శుక్రవారం. కువైట్, సబా అల్ సలేంలో అబూ ఫహద్ ఇంటి దివానియా, అతిథులు కూర్చునే హాలు. సాయంత్రం నాలుగు గంటలు.

హాజరైనవారు: ఇంటి యజమాని అబూ ఫహద్, నన్ను తన వీసా మీద ఉంచుకున్న కఫీల్ కూడా ఆయనే. బ్యూనస్ ఐరిస్ నుంచి ముందురోజు దిగిన మార్తా, అరవై దాటిన మనిషి. ప్రొజెక్టర్ దగ్గర మస్తాన్ వలీ, రాయచోటివాడు, థియేటర్ రోజుల నుంచి నాకు జోడీ. టీ పళ్లెంతో తలుపు దగ్గర లక్ష్మీదేవి, ఆ ఇంట్లో పదహారేళ్లుగా పనిచేస్తున్న మా పక్క ఊరి ఆడమనిషి. నేను, సుబ్బరాయుడు, పాత ఫిల్ములు బాగుచేసేవాణ్ణి, పని మానేసి అప్పటికి నెల.

హాజరు కానిది ఇనేస్. మార్తాకి అమ్మమ్మ తల్లి. స్పానిష్ వాళ్ల సినిమా ఇంకా మాటలు నేర్వని కాలంలో ఆమె తీసిన మూడు సినిమాలు చూడ్డానికే మేమందరం కూర్చున్నాం. తీసింది ఆమె కాదు, ఆమె భర్త అని రాసినవాళ్లంతా రాసుకున్నారు. ఆమే తీసిందని చెప్పగల ఆధారం ప్రపంచం మొత్తం మీద రెండు ఫ్రేములే మిగిలింది. ఆ రెండు ఫ్రేములనూ నేను నా చేత్తో కత్తిరించి చెత్తబుట్టలో పడేశాను. ఆ మాట ఆ సాయంత్రం మార్తాకి నేనే చెప్పాలి.

పాత సినిమాలు బాగుచేసే పనిలోకి ఇప్పుడు కుర్రవాళ్లు, ఆడపిల్లలు వస్తున్నారు. మీ పని ఎలా ఉండేదని ఫోన్లు చేసి అడుగుతున్నారు. ఏ ఏడు ఏ జీతం, ఏ ఇఖామా పర్మిట్టు ఎప్పుడు మారింది అన్నవి వాళ్లకి అక్కర్లేదు. నలభై ఒక్క డైరీలు ముందేసుకుని, పనికొచ్చేది మాత్రం తీసి రాస్తున్నాను.

ఇద్దరు గురువులు

నాకు కత్తిరించడం నేర్పింది మద్రాసు ల్యాబులో నాయుడు గారు. నెగటివ్ కటింగ్ చేసేవారు. తెల్ల చేతితొడుగులు, చిన్న కత్తెర, నోట్లో ఎప్పుడూ లవంగం. మాట తక్కువ. ఒక రోజు నేను నాలుగు ఫ్రేముల ముక్క నేలమీద పడేస్తే, కుర్చీలోంచి లేచి, వంగి తీసి, కవర్లో పెట్టి, కవరు మీద తేదీ, రీలు నంబరు రాసి నా చేతిలో పెట్టారు.

"పారెయ్యాలనిపిస్తే ముందు కవర్లో పెట్టు. ఏడాది తర్వాత కూడా పారెయ్యాలనిపిస్తే అప్పుడు నన్నడుగు" అన్నారు.

ఏడాది తర్వాత ఎవరూ ఆయన్ని అడిగింది లేదు. అడిగినా పారెయ్యనిచ్చేవారు కాదని నా నమ్మకం. డైరీ అలవాటు కూడా ఆయనదే. ఏ రీలు, ఎన్నో అడుగు, ఏం చేశాను, ఎందుకు చేశాను. రోజుకో పేజీ. శుక్రవారాలు సెలవు కాబట్టి కువైట్ వచ్చాక ఆ పేజీలు ఖాళీ.

రెండో గురువు కువైట్‌లో నేను చేరిన థియేటర్ మేనేజరు సమీర్. ఈజిప్టు మనిషి, లావుగా, ఎప్పుడూ పరుగు మీద ఉండేవాడు. మా దగ్గరికి వచ్చే ప్రింట్లు అప్పటికే నాలుగైదు దేశాలు తిరిగి, చీలికలు పడి, నూనె మరకలతో వచ్చేవి. అతుకుల దగ్గర వేరే సినిమాల ముక్కలు ఒకటి రెండు ఫ్రేములు చేరిపోయేవి. తెర మీద అది మెరుపులా తటాలున వెలిగి ఆరుతుంది. జనం ఈలలేస్తారు. సమీర్ మెట్లెక్కి బూత్‌లోకి వచ్చి "యల్లా యల్లా, తీసెయ్, బుట్టలో వెయ్, ఖలాస్" అనేవాడు. ఇరవై ఏళ్లు అలా తీసి బుట్టలో వేశాను. చేతికి అదే అలవాటైంది.

సమీర్‌ని తప్పు పట్టను. సినిమా ఆడాలి, జనం కూర్చోవాలి, అది అతని పని. ఒకసారి నేనే పెద్ద పొరపాటు చేశాను. ముందు ఊళ్లో కత్తిరించిన పాట ఒకటి డబ్బాలో విడిగా వచ్చింది. దాన్ని తిరిగి అతికించే పని నాది. తొమ్మిదో రీలుకి బదులు పద్నాలుగో రీలులో అతికించాను. హీరో చచ్చిపోయాడు, తల్లి ఏడ్చింది, వెంటనే హీరో వానలో గంతులేస్తున్నాడు. వలీ కిటికీలోంచి చూసి, "అన్నా, సచ్చినోడు లేసి ఆడతాన్నాడే" అన్నాడు. సమీర్ పైకి వచ్చాడు. తిడతాడనుకున్నాను. హాల్లోంచి చప్పట్లు వినిపిస్తున్నాయి. రేపటి ఆటకి కూడా అలాగే ఉంచమని చెప్పి కిందికి వెళ్లిపోయాడు.

నవ్వుకోడానికి బాగుంటుంది గానీ, ఆ సినిమా తీసినవాడు ఆ రోజు హాల్లో ఉంటే ఏమయ్యేదో నేను చాలాకాలం ఆలోచించలేదు. థియేటర్ పని నేర్పని సంగతి అదే. చేతిలో ఉన్న ఫిల్ము వెనక ఒక మనిషి ఉంటాడు. అది నాయుడు గారు నేర్పారు. నేను మర్చిపోయాను.

ఊరగాయ వాసన

రీళ్లు పోయి కంప్యూటర్ సినిమా వచ్చినప్పుడు వలీ కొత్త మిషను నేర్చుకున్నాడు. నాకు మనసొప్పలేదు. ఊరికి పోదామనుకుంటుండగా అబూ ఫహద్ పిలిచాడు. ఆయన మా బూత్‌లోకి వచ్చి కూర్చుని రీళ్లు తిరగడం చూసే అలవాటున్న మనిషి. వయసులో ఉండగా బ్యూనస్ ఐరిస్‌లో ఉద్యోగం చేశాడట. ఆయన ఇంటి పక్కన ఒక ల్యాబు మూసేస్తూ పదకొండు డబ్బాలు వీధిలో పెడితే ఎత్తి తెచ్చుకున్నాడు. నలభై ఏళ్లు ఏసీ గదిలో దాచాడు. ఎవరివో తెలియదు, ఏముందో తెలియదు. "నువ్వు తెరిచి చూడు" అని నన్ను తన వీసా మీదికి తీసుకున్నాడు.

మేడ మీద ఒక గది ఇచ్చాడు. లైట్ బాక్స్, రీవైండర్, కొత్త స్కానరు. మొదటి మూత తీయగానే గదంతా పుల్లటి వాసన. పాత ఫిల్ము కుళ్లడం మొదలుపెడితే వెనిగర్ వాసన వస్తుంది. ముక్కే ముందు చెబుతుంది, కన్ను తర్వాత. లక్ష్మీదేవి కిందినుంచి పరుగెత్తుకుంటూ వచ్చింది.

"ఏందన్నా ఇది, ఊరగాయ జాడీలు తెచ్చి పెట్టుకున్న్యావా? మామా ముక్కు మూసుకోని కూసుండాది కింద" అంది. మామా అంటే ఆ ఇంటి యజమానురాలు.

అవి అసలు నెగటివులు కావు. ఆ కాలం అసలు ఫిల్ము నిప్పు తగిలితే భగ్గుమనే సరుకు. కొన్ని దశాబ్దాల తర్వాత ఎవరో పుణ్యాత్ములు దాన్ని కాలని ఫిల్ము మీదికి నకలు నెగటివ్‌గా తీశారు. నకలు కాబట్టి అసలు నెగటివ్‌లోని అతుకులు కూడా ఫొటోలా అచ్చుపడి ఉన్నాయి. వేలితో తడిమితే నున్నగా ఉంటుంది, భూతద్దంలో చూస్తే అతుకు గీత కనిపిస్తుంది. కొత్తవాళ్లు ఈ తేడా మొదటి వారంలోనే నేర్చుకోవాలి. వేలికి తగిలే అతుకు నిన్నటిది. కంటికి మాత్రమే కనబడే అతుకు సినిమా తీసినవాళ్లది.

నాకు ఈ తేడా బాగా తెలుసు. అందుకే నేను చేసిన తప్పుకి సాకు లేదు.

మే నెల, గురువారం

వాసన తక్కువున్న డబ్బాతో మొదలుపెట్టాను. ఒక్క రీలు సినిమా. మొదట నల్లటి పట్టీ, పన్నెండో అడుగు దగ్గర రెండే రెండు ఫ్రేములు. మధ్యలో మెలికలు తిరిగిన ఒక తీగె. అక్షరం లేదు, బొమ్మ లేదు. ఆ వెంటనే కుట్టుపని చేసే ఒక ఆడమనిషి చేతులు మొదలు.

అప్పుడే లక్ష్మీదేవి సులేమానీ టీ తెచ్చింది. భూతద్దంలోంచి చూపించాను. దిండు గలీబుకు బాగుంటుంది, గీసిమ్మంది. డైరీలో ఆ రోజు పేజీలో సగం మేర పెద్దదిగా గీశాను, మెలిక మెలికా లెక్కపెట్టి. దాని మీద పలచ కాగితం పెట్టి ఆమె నమూనా ఎత్తుకుంది. ఆమె వెళ్లగానే రెండు ఫ్రేములనూ కత్తిరించి బుట్టలో వేశాను.

అది నకల్లోనే అచ్చయిన ముక్క, బయటినుంచి వచ్చి చేరింది కాదని నా వేలు చెబుతూనే ఉంది. తెర మీద మెరుపులా కొడుతుంది, తీసెయ్ అని ఇరవై ఏళ్ల అలవాటు చెప్పింది. అలవాటు మాటే విన్నాను. అదే రీలులో మరో మూడు చోట్ల రెండేసి ఫ్రేముల మీద స్పానిష్ అక్షరాలు కనిపించాయి. అవీ తీసేశాను. సాయంత్రం ఐదింటికి లక్ష్మీదేవి రోజూలాగే బుట్ట ఖాళీ చేసింది. చాలా శుభ్రత ఉన్న మనిషి. ఒక్క రోజు బద్ధకించి ఉంటే బాగుండేది.

రెండో డబ్బాలో మళ్లీ రెండేసి ఫ్రేముల అక్షరాలు వచ్చాయి. ఐదుసార్లు, పదిసార్లు. ఇంత క్రమంగా వచ్చేది పొరపాటు కాదు, ఎవరిదో పద్ధతి అయ్యుంటుందనిపించింది. ఏమిటో తెలియలేదు. స్కానులో మెరుపులు రాకూడదని వాటినీ కత్తిరించాను గానీ, ఆ రోజు నుంచి ప్రతి ముక్కనీ కవర్లో పెట్టి, అడుగు రాసి, డైరీలో ఎక్కించాను. నాయుడు గారు పోయి అప్పటికి చాలా ఏళ్లు. అయినా నా వెనక నిలబడి లవంగం నములుతున్నట్టే అనిపించింది.

వారం తర్వాత లక్ష్మీదేవి కుడుతూ కుడుతూ పైకి వచ్చి ఒక మాటంది. "ఈ తీగె సూదికి ఎదురొస్తాందన్నా. తిరగేసి గీసినావేమో సూడు."

తీగెకి తిరగేయడం ఏముంటుంది అని నవ్వాను. నెగటివ్‌ని లైట్ బాక్స్ మీద ఏ వైపు పెట్టానో చూసుకోవాల్సింది, తిరగబడితే కుడి ఎడమవుతుంది. ఆ ముక్క మీద అక్షరాలుంటే చూసుకునేవాణ్ణి.

ఆమె చేతివాటం

తర్వాతి పదకొండు నెలలు నా పని జీవితంలో అన్నిటికంటే సంబరమైనవి. ఆ డైరీ ఇప్పుడు తిరగేస్తే రాత కూడా వేరుగా ఉంది. తొందరతొందరగా, గీతలు దాటి.

అతుకు చూస్తే చేతిరాత చూసినట్టే. ఈ సినిమాల అతుకులు సన్నంగా, అంచు వంకర లేకుండా, గీసిన గీతలా ఉన్నాయి. బట్ట కుట్టే చేతికే అంత నిదానం ఉంటుంది. మొదటి డబ్బా ఒక్క రీలు సినిమా, ఒక కుట్టుపనిమనిషి రోజు. తర్వాతి నాలుగు డబ్బాలు ఒక సత్రం నడిపే విధవరాలి కథ. చివరి ఆరు పెద్ద సెట్లు, గుర్రాలు, వందలమంది. మూడూ ఒకే చేతివని అతుకులే చెప్పాయి. చివరి రెండు రీళ్లు మాత్రం వేరే చేతివి. అక్కడ అతుకులు వెడల్పుగా, మొరటుగా ఉన్నాయి. ఎవరో పని ఆమె చేతుల్లోంచి లాక్కున్నట్టుంది అని ఆ రోజు రాసుకున్నాను. అప్పటికి "ఆమె" అని ఎందుకు రాశానో నాకే తెలియదు.

ఆ రోజుల్లో అందరూ మనిషి గదిలోంచి బయటికి నడిచి పోయాక, ఖాళీ గది కాసేపు చూపించి, అప్పుడు కత్తిరించేవాళ్లు. ఈమె చెయ్యి లేస్తుండగానే కత్తిరించింది. సత్రం సినిమాలో విధవరాలు ఉత్తరం అందుకోడానికి చెయ్యి చాపుతుంది, చెయ్యి సగం దారిలో ఉండగా కట్. తర్వాతి షాట్‌లో ఉత్తరం అప్పటికే మడత విప్పి ఉంది. మధ్యలో ఆమె చదవాలా వద్దా అని ఎంతసేపు తటపటాయించిందో మనమే ఊహించుకుంటాం. నేను ప్రతి షాట్‌లో ఫ్రేములు లెక్కపెట్టాను. భయం ఉన్న చోట షాట్లు ఒక్కొక్కటీ కొంచెం కొంచెం కురచవుతూ వస్తాయి, బిగువైన కుట్టులా. అది లెక్కలో దొరికిన రోజు మెట్ల మీంచి దిగి అబూ ఫహద్ దగ్గరికి దాదాపు పరుగెత్తాను. నా మోకాళ్లకి అది మంచిది కాదు.

వలీ సెలవు రోజుల్లో వచ్చేవాడు. ఒకసారి సత్రం మెట్ల మీద నటులు గంభీరంగా మాట్లాడుతుంటే వీధికుక్క ఒకటి ఫ్రేములోకి వచ్చి కూర్చుంది. తీసేయకుండా ఉంచేసింది ఆమె. వలీ దాన్ని పదిసార్లు వేయించుకుని చూశాడు. మన హీరోలందరికంటే అదే బాగా చేసిందని తేల్చాడు.

కొత్తవాళ్లకి నేను చెప్పేది ఇది. మరకలు తుడవడం ఎవరైనా చేస్తారు, ఇప్పుడు మిషనే చేస్తుంది. ఎదుటి మనిషి ఎక్కడ ఆగింది, ఎక్కడ తొందరపడింది, ఎక్కడ మొండికేసింది అన్నది పట్టుకోవాలి. అది దొరికిన రోజు అన్నం సయించదు.

ఈమెయిలు

అబూ ఫహద్ మా డబ్బాల్లోని సినిమాల ఫొటోలు నెట్‌లో పెట్టాడు. విధవరాలి వేషం వేసిన నటి ముఖం చూసి మార్తా గుర్తుపట్టింది. వాళ్ల ఇంట్లో గోడకి ఆ ఫొటో ఉందట. ఆమె రాసిన ఈమెయిలు అబూ ఫహద్ నాకు చదివి వినిపించాడు.

ఇనేస్ మొదట బట్టలకి పూలు కుట్టేది. తర్వాత ఒక స్టూడియోలో వేషాలు కుట్టింది. తర్వాత ఫ్రేములకి చేత్తో రంగులద్దింది. తర్వాత కత్తిరించింది. తర్వాత తీసింది. పెళ్లయ్యాక రెండు సినిమాల మీద భర్త పేరు పడింది. మూడోది పూర్తి కాకముందే ఆమెని పనిలోంచి తప్పించాడు. మొదటి సినిమా కూడా నాదే అని ఆయన చివరిదాకా చెప్పుకున్నాడు. ఆమె మళ్లీ సూది పట్టుకుని, దాంతోనే పిల్లల్ని పెంచి, పోయింది. సినిమా తీసిందని ఇంట్లో ఆడవాళ్లు మాత్రమే చెప్పుకునేవాళ్లు.

చివరి పేరా దగ్గర అబూ ఫహద్ నెమ్మదిగా చదివాడు. ఆ కాలంలో నెగటివ్‌లో పేర్లు, మాటలు రాసిన టైటిల్ కార్డులు పూర్తిగా ఉంచేవాళ్లు కాదట. ఫిల్ము ఆదా అని ఒకటి రెండు ఫ్రేములే గుర్తుగా పెట్టేవాళ్లు. ప్రింటు తీసేటప్పుడు ల్యాబువాళ్లు పొడిగించుకునేవాళ్లు. "దయచేసి ఆ చిన్న ముక్కలు జాగ్రత్త. మొదటి సినిమా మొదట్లో ఏదో ఒక రూపంలో ఆమె గుర్తు ఉంటుందని నా ఆశ."

మిగతా రెండు సినిమాల మొదటి చుట్లు కుళ్లి అట్టలా అంటుకుపోయాయి, వాటిలో ఏమీ మిగల్లేదు. మిగిలింది మొదటి డబ్బా ఒక్కటే. అందులోవే నేను బుట్టలో వేసినవి.

కవర్లు తీశాను. అరవై ఎనిమిది ముక్కలు. డైరీలో అడుగులు ఉన్నాయి కాబట్టి వలీ, నేను కలిసి పది డబ్బాల మాటలన్నిటినీ వాటి చోట్లలో తిరిగి పెట్టేశాం. మళ్లీ స్కాను చేసి, కంప్యూటర్లో పొడిగించాం. వలీకి విషయం తెలుసు. మొదటి డబ్బా గురించి ఏమీ అడగలేదు.

తప్పు తెలిసిన రోజే చెప్పాలి. నేను పదకొండు రోజులు ఆగాను. ఇది రాయడానికి ఇప్పటికీ ఇబ్బందిగా ఉంది. పన్నెండో రోజు అబూ ఫహద్‌కి చెప్పాను. ఆయన అరిచి ఉంటే తేలికగా ఉండేది. తస్బీ పూసలు తిప్పుతూ, "ఆమె వస్తోంది. నా నోటితో చెప్పను. నువ్వే చెప్పాలి" అన్నాడు.

దివానియాలో

వలీ కర్టెన్లు లాగాడు. మొదటి సినిమా పదకొండు నిమిషాలు. పేరు లేకుండా మొదలైంది, మాట లేకుండా సాగింది. సూది, చేతులు, కిటికీ వెలుగు, వీధి. మార్తా కదలకుండా చూసింది. దీపాలు వేశాక నా వైపు తిరిగి, టైటిళ్లు ఏవని ఇంగ్లీషులో అడిగింది.

లేచి నిలబడి చెప్పాను. నాకు వచ్చిన ఇంగ్లీషులో, తడబడుతూ, ఏమీ దాచకుండా. పన్నెండో అడుగు, రెండు ఫ్రేములు, నేనే, బుట్ట.

ఆమె కోపగించుకోలేదు. "మా అమ్మమ్మ చెప్పేది, మా అమ్మ చెప్పేది. రాసేవాళ్లు రుజువు అడిగేవాళ్లు. ఇప్పుడు నేను ఇంటికెళ్లి ఏం చెప్పాలి?" అంది.

అబూ ఫహద్ నేలచూపులు చూస్తున్నాడు. ఆమె వెనక్కి వాలింది. వాలి, వీపుకి గుచ్చుకుందేమో, వెనకున్న దిండు ముందుకు లాగి ఒళ్లో పెట్టుకుంది. తెల్ల గలీబు మీద ఎర్ర దారంతో ఆ తీగె. లక్ష్మీదేవి కుట్టింది చూసి మామా ముచ్చటపడి దివానియాలో వేయించింది.

మార్తా దాన్ని దగ్గరగా పెట్టుకుని చూసింది. వేలితో మెలికల వెంట నడిచింది, ఆగింది, మళ్లీ మొదటికొచ్చింది. తర్వాత దిండు బయటికి లాగేసి గలీబును లోపలి వైపు బయటికి తిప్పింది. వెనక కుట్లు, ముళ్లు, దారం కొసలు. పైన కుడినుంచి ఎడమకి పోయిన తీగె వెనకవైపు ఎడమనుంచి కుడికి పోతోంది. ఆమె సంచి తెరిచి, ప్లాస్టిక్ కవర్లో పెట్టిన పాత చేతిరుమాలు ఒకటి తీసింది. మూలన వెలిసిపోయిన దారంతో చిన్న తీగె. రెండూ పక్కపక్కన పెట్టింది.

మెలికకి మెలిక.

"ఇది ఎవరు కుట్టారు?" అంది.

లక్ష్మీదేవికి ఇంగ్లీషు అర్థమైంది గానీ భయపడింది. నా వైపు చూసి, "నేనేం జేస్తిన్నా? నువ్వు గీసిచ్చిందే గదా. తిరగేసి గీసినావని ఆ పొద్దే చెప్తి, నువ్వింటివా?" అంది.

ఇనేస్ తను కుట్టిన ప్రతి బట్ట మూలనా వేసే సంతకం అదట. సూది ఎత్తకుండా ఒకే దారంతో. ఆ ఇంట్లో దుప్పట్ల మీద, రుమాళ్ల మీద ఉంది. ఆమె దాన్నే తన మొదటి సినిమా మీద కూడా వేసింది. అక్షరాల్లో పేరు వేస్తే ఎవరైనా మారుస్తారని అనుకుందో ఏమో. చూసినవాడికి అలంకారంలా ఉంటుంది. ఎరిగినవాళ్లకి పేరు.

నా సంచిలో ఆ ఏటి డైరీ ఉంది. తప్పు ఒప్పుకునేటప్పుడు తేదీతో సహా చూపించాలని తెచ్చుకున్నాను. ఆ గురువారం పేజీ తీసి ఆమె ముందు పెట్టాను. సగం పేజీ తీగె. కింద తెలుగులో నాలుగు వరుసలు. అబూ ఫహద్ నన్ను ఒక్కొక్క మాటా అడుగుతూ ఆమెకి స్పానిష్‌లో చెప్పాడు: మొదటి డబ్బా. పన్నెండో అడుగు. రెండు ఫ్రేములు, తీగె డిజైను, దీని వెంటనే కుట్టే చేతులు. లక్ష్మీదేవి దిండుకి అడిగింది, గీశాను. ముక్క తీసేసి బుట్టలో వేశాను.

మార్తా తల ఎత్తి, "ఇది రాసే రోజుకి మీకు నా పేరు తెలుసా?" అని అడిగింది.

"తెలీదు."

"ఆమె పేరు?"

"తెలీదమ్మా. స్పానిష్‌లో ఒక అక్షరం కూడా రాదు నాకు."

"అలాగైతే ఇది మీరు కల్పించింది కాదు" అంది. కళ్లు తుడుచుకుంటూ నవ్వింది. "రాసేవాళ్లకి ఇది చూపిస్తాను."

వలీ ప్రొజెక్టర్ వెనకనుంచి, "అన్నా, నీకు సదువు రానిది ఇన్నాళ్లకు ఒక పనికొచ్చిందిలే" అన్నాడు. ఏమన్నాడో అందరికీ చెప్పమని అబూ ఫహద్ అడిగాడు. చెప్పాక ఆయన తస్బీ పక్కన పెట్టి మరీ నవ్వాడు.

మొదటి సినిమా మళ్లీ వేయమంది మార్తా. ఈసారి కూడా మొదట్లో నల్లటి పట్టీ నడిచింది. పన్నెండో అడుగు ఎప్పుడు దాటిందో ఆ గదిలో నాకొక్కడికే తెలుసు. ఆ తర్వాత సత్రం సినిమా, ఆ తర్వాత గుర్రాలది. కుక్క వచ్చినప్పుడు లక్ష్మీదేవి పళ్లెం కింద పెట్టి కూర్చుంది.

ఇక్కడ కొత్తవాళ్లకి ఒక మాట చెప్పాలి. కథ బాగా ముగిసిందని తప్పు ఒప్పయిపోదు. ఆ రెండు ఫ్రేములు లేవు, ఇంక రావు. మిగతా మూడు ముక్కల్లో ఏం మాటలున్నాయో ఎప్పటికీ తెలియదు. ఆ తీగెను కంప్యూటర్లో తయారుచేసి అసలుదిలా పెట్టేద్దామని వలీ అన్నాడు. చూడ్డానికి తేడా తెలియదు కూడా. వద్దన్నాను. అక్కడ నా డైరీ పేజీ ఫొటో వస్తుంది, కింద ఇది గీసిన బొమ్మ, అసలు ముక్క బాగుచేసేటప్పుడు పోయింది అని ఉంటుంది. ఎవరి చేతుల్లో పోయిందో కూడా రాయమని చెప్పాను.

మర్నాడు ఉదయం

శనివారం ఎనిమిదింటికి నేనుండే అబూ హలీఫా నుంచి బయల్దేరి అబూ ఫహద్ ఇంటికి వెళ్లాను. మార్తాకి మధ్యాహ్నం విమానం. ఆమె కింద లక్ష్మీదేవితో మాట్లాడుతోంది, సగం ఇంగ్లీషు, సగం చేతులు. గలీబు ఇమ్మని అడిగిందట. లక్ష్మీదేవి ఇవ్వనంది.

"తిరగేసిందైనా ఇది నా కుట్టన్నా, ఇయ్యను. ఆ రుమాలు ఒక గడియ ఇమ్మను, సరిగ్గా ఎత్తుకోని కొత్తది కుట్టి అంపిస్తా. మామాను అడుగుతాలే" అంది. మార్తా రుమాలు తీసి తనే టేబుల్ మీద పరిచింది.

నా దగ్గర ఆమె అడిగింది పేజీ ఫొటో ఒక్కటే. ఫోను కూడా తీసింది.

నలభై ఒక్క డైరీల్లో నేను ఇప్పటిదాకా ఒక్క పేజీ చింపలేదు. ఇంట్లోవాళ్లు చిరునామా రాసుకోడానికి మూల అడిగినా ఇవ్వలేదు. మేడ మీద గదికి వెళ్లి, లైట్ బాక్స్ మీద డైరీ తెరిచాను. గురువారం పేజీ వెనక శుక్రవారం, ఖాళీ. స్కేలు పెట్టి, ఆ రెండు ఫ్రేములను కోసిన బ్లేడుతోనే, కుట్టు పక్కనుంచి పైనుంచి కిందిదాకా ఒక్క గీత. ఇనేస్ అతుకంత తిన్నగా వచ్చిందనుకుంటాను.

పేజీని కవర్లో పెట్టి, కవరు మీద తేదీ, ఏ డైరీ, ఏ పేజీ అని రాసి మార్తా చేతికిచ్చాను. ఆమె వద్దనబోయి, నా ముఖం చూసి తీసుకుంది.

కారు వెళ్లిపోయాక పైకి వచ్చాను. ఖాళీ అయిన చోట సన్నని చీటీ అంటించి ఇలా రాశాను: "గురువారం, ఒక పేజీ. కోసింది సుబ్బరాయుడు. ఇనేస్ మునిమనవరాలికి ఇచ్చాను."